పలమనేరు పొలం అమ్మి ఉత్తర దేశాలకు వెళ్లాలా?

మీ ప్రశ్న మూడుసార్లు చదివాను. పలమనేరు దగ్గర మూడెకరాల మెట్ట, అందులో రెండు ఎండిపోయిన బోర్లు, కెనడాలో చదువుకు ప్రయత్నిస్తున్న కొడుకు. భూమి వేడెక్కే కొద్దీ మన ప్రాంతం బతకడానికి పనికిరాకుండా పోతుందని, కెనడాలోనూ సైబీరియాలోనూ మంచు కరిగి కోట్ల ఎకరాలు సాగులోకి వస్తాయని, మరో యాభై ఏళ్లలో జనమంతా అటే తరలిపోతారని ఒక వీడియోలో చూశానన్నారు. ఆ పటంలో దక్షిణ భారతం ఎర్రగా, సైబీరియా పచ్చగా ఉందట. ఇప్పుడే పొలం అమ్మేసి, ఆ డబ్బుతో అబ్బాయిని అక్కడే స్థిరపడేలా పంపడం మంచిదేనా అని అడిగారు.

నేను ముప్ఫై ఏళ్లకు పైగా మట్టి పరీక్షల పని చేసి, విరమణ తర్వాత తిరుపతిలోనే ఉంటున్నాను. పుంగనూరు, కుప్పం, బంగారుపాళెం, సత్యవేడు రైతులు సంచుల్లో కట్టుకొచ్చిన మట్టిని వేల సార్లు చేత్తో నలిపి చూశాను. వాతావరణ శాస్త్రం నా చదువు కాదు. కానీ వానా ఎండా కలిసి నేలను ఏం చేస్తాయో చూడటమే నా ఉద్యోగం. అందుకే మీరు చూసిన పటంలో కనిపించని సంగతి నాకు ముందుగా తట్టింది. ఆ పటం గీసినవారు ఉష్ణోగ్రతకు రంగు వేశారు, మట్టికి వేయలేదు.

ముందు నిజమైన భాగం చెబుతాను, ఎందుకంటే వీడియో అంతా అబద్ధం కాదు. ఉత్తర ధ్రువ ప్రాంతం 1979 నుంచి ప్రపంచ సగటు కన్నా దాదాపు నాలుగు రెట్లు వేగంగా వేడెక్కుతోందని ఫిన్లాండ్ వాతావరణ శాస్త్రవేత్తలు 2022లో లెక్క తేల్చారు. తెల్లటి మంచు ఎండను తిప్పికొడుతుంది. అది కరిగిన చోట బయటపడే నల్లటి సముద్రం ఆ ఎండనే తాగి వేడెక్కుతుంది, ఆ వేడికి పక్కనున్న మంచు కరుగుతుంది. 1980లలో సెప్టెంబరు నాటికి ఆర్కిటిక్ సముద్రం మీద సుమారు 70 లక్షల చదరపు కిలోమీటర్ల మంచు మిగిలేది. 2012 సెప్టెంబరులో 34 లక్షలకు పడిపోయింది. మన దేశమంత విస్తీర్ణంలో మంచు లేకుండా పోయిందన్న మాట. 2020 జూన్ 20న సైబీరియాలోని వెర్ఖోయాన్స్క్‌లో 38 డిగ్రీలు నమోదైంది. ఆ ఊరు ధ్రువ వలయం లోపల ఉంది. అదే రోజు మన తిరుపతిలో 38 ఉన్నా ఎవరూ చెప్పుకునేవారు కాదు.

కాబట్టి ఉత్తరం మారుతోంది, చాలా వేగంగా మారుతోంది. కానీ చలి తగ్గితే అక్కడి నేల పొలంగా మారుతుందన్న దగ్గర నాకు అభ్యంతరం ఉంది.

2023 మే నెలలో మా అమ్మాయి దగ్గరకు కెనడాలోని ఎడ్మంటన్ వెళ్లాను. ఊరి చుట్టూ పొలాలు చూసి ఎంతో సంతోషపడ్డాను. మన ఆదోని వైపు నల్లరేగడి గుర్తొచ్చేంత నల్లటి మట్టి. అయితే అది రేగడిలా బిగుసుకుపోదు, చేతిలో తేలిగ్గా పొడిపొడిగా రాలుతుంది. వేల ఏళ్ల పాటు అక్కడ పెరిగిన గడ్డి, దాని వేళ్లు కుళ్లి ఆ నలుపు వచ్చింది. ఒక ఆదివారం అల్లుడిని అడిగి కారులో ఉత్తరానికి, అథబాస్కా వైపు వెళ్లాం. రెండు గంటల కన్నా తక్కువ ప్రయాణం. పొలాలు పలచబడి అడవి మొదలైంది. రోడ్డు కోసం గట్టు తవ్విన ఒక చోట కారు ఆపించి దిగి చూశాను. పైన నాలుగు వేళ్ల మందాన ఆకులూ సూదుల్లాంటి చెట్ల రెమ్మలూ. దాని కింద నలుపు లేదు. బూడిద రంగు పొర, ఆ కింద గట్టి బంకమట్టి. ఆ బూడిద పొరను వేళ్లతో గీకాను. పిండిలా రాలింది. జీవం ఉన్న మట్టి అలా రాలదు.

సూదిమొన ఆకుల అడవుల కింద నేల అలాగే ఉంటుంది. ఆ ఆకులు కుళ్లినప్పుడు పులుపు పుడుతుంది. కరిగిన మంచు నీళ్లు ఆ పులుపుతో కలిసి కిందికి దిగుతూ సున్నాన్ని, ఇనుమును, పోషకాలను తమతో పాటు లాగేసుకుపోతాయి. రష్యన్లు ఈ నేలలకు పెట్టిన పేరు పొడ్జోల్, అంటే కిందంతా బూడిద అని అర్థం. మీరు చూసిన పటంలో పచ్చరంగు వేసిన సైబీరియాలోనూ కెనడాలోనూ ఎక్కువ భాగం ఇలాంటి పులిసిన నేలో, నీళ్లు నిలిచి సగమే కుళ్లిన మొక్కలతో నిండిన పీట్ బురదో, ఏళ్ల తరబడి గడ్డకట్టి ఉండే పర్మాఫ్రాస్ట్ నేలో, లేకపోతే బట్టబయలుగా ఉన్న రాయో.

ఆ రాయి సంగతి మనవాళ్లు తప్పక తెలుసుకోవాలి. కెనడా తూర్పు, మధ్య భాగాల్లో సగం దేశాన్ని ఆక్రమించిన పురాతన శిలాపీఠం ఉంది. గ్రానైటు, నైస్ రాళ్లు. మన చిత్తూరు జిల్లా కొండలు కూడా అదే రకం పాత రాళ్లే. మన దగ్గర ఆ రాయి యుగాల తరబడి ఎండలో వానలో శిథిలమై ఎర్ర గరప నేలగా మారి, పుట్టిన చోటే మిగిలింది. అక్కడ అలా పుట్టిన మట్టిని మంచుయుగాల్లో కిలోమీటర్ల మందం ఉన్న మంచు పలకలు గీకి దక్షిణానికి తోసేశాయి. ఆ మట్టిలో చాలా భాగం ఇవాళ అమెరికా మధ్య రాష్ట్రాల మొక్కజొన్న పొలాల కింద ఉంది. ఉత్తరం మట్టి పది వేల ఏళ్ల క్రితమే దక్షిణానికి వలస పోయింది. ఇప్పుడు చలి తగ్గినా అది వెనక్కి రాదు. ఒక అంగుళం పైమట్టి ఏర్పడటానికి వందల ఏళ్లు పడుతుంది. మీ మనవడి మనవడికి కూడా అది అందదు.

ఇది ఊహాగానం కాదు, చేసి చూశారు. 1917లో కెనడాలోని ఒంటారియో రాష్ట్రం ఉత్తరాన కపుస్కేసింగ్ దగ్గర, మొదటి ప్రపంచయుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికులకు అడవి కొట్టి సాగు చేసుకోమని ప్రభుత్వం భూములిచ్చింది. బంకమట్టి, నిలిచిపోయే నీళ్లు, వేసవిలోనూ పైరు మీద గడ్డకట్టే మంచు. కొన్నేళ్లలోనే చాలామంది వదిలేసి వెళ్లిపోయారు. 1954లో సోవియట్ ప్రభుత్వం కజకిస్తాన్, దక్షిణ సైబీరియా బీళ్లలో కోట్ల ఎకరాలు దున్నించింది. మొదట పంట బాగా వచ్చింది. 1960ల మొదట్లో గాలిదుమారాలు లేచి ఆ పైమట్టినే ఎత్తుకుపోయాయి.

లాభపడే చోట్లు అసలు లేవని నేను అనడం లేదు. కెనడాలో మనిటోబా రైతులు ఇవాళ సోయాచిక్కుడు పండిస్తున్నారు, ఒకప్పుడు అక్కడ అది పండేది కాదు. జపాన్‌లో చల్లని హొక్కైడో ద్వీపంలో ఇప్పుడు మంచి బియ్యం వస్తోంది. కానీ దాని వెనక వేడి ఒక్కటే లేదు. ఆ చలికి, ఆ పగటి పొడవుకు తగిన వరి వంగడాల కోసం అక్కడి శాస్త్రవేత్తలు తరాల తరబడి పనిచేశారు.

పగటి పొడవు గురించి ఒక మాట. సూర్యుడు వాతావరణ మార్పుతో మారడు. మనకు ఏడాది పొడవునా పగలు పదకొండు నుంచి పదమూడు గంటల మధ్యే ఉంటుంది. సైబీరియాలోని యాకుత్స్క్‌లో డిసెంబరులో ఐదు గంటలు, జూన్‌లో పంతొమ్మిది గంటలు పైమాటే. మీ పొలంలో వేసే రాగి పగలు తక్కువగా ఉంటేనే వేళకు పూతకొచ్చే పైరు. దాన్ని తీసుకెళ్లి పంతొమ్మిది గంటల వెలుతురులో వేస్తే ఆకు వేస్తూ పోతుంది, కంకి వేళకు రాదు. సూళ్లూరుపేట దగ్గర పులికాట్ సరస్సుకు శీతాకాలంలో వచ్చే సూదితోక బాతులను ఎప్పుడైనా చూశారా? అవి ఉత్తరాన పిల్లల్ని చేస్తాయి. అక్కడి నిడుపైన వేసవి పగళ్లలో తిండి సమృద్ధిగా ఉన్న కొద్ది వారాలూ వాడుకుని, చీకటి ముసిరేలోపు మన వైపు వచ్చేస్తాయి. ఉత్తరపు వేసవి ఎంత గొప్పదో, ఎంత పొట్టిదో వాటికి మనకన్నా బాగా తెలుసు.

ఇక పర్మాఫ్రాస్ట్. రెండేళ్లో, అంతకన్నా ఎక్కువ కాలమో కరగకుండా గడ్డకట్టి ఉన్న నేలను అలా అంటారు. చాలా చోట్ల అది వేల ఏళ్లుగా అలాగే ఉంది. రష్యా భూభాగంలో దాదాపు మూడింట రెండు వంతులు అదే. ఆ నేలలో మట్టికణాల మధ్య సిమెంటులా పట్టి ఉంచేది మంచే. కొన్ని చోట్ల మట్టి కన్నా మంచు పాలే ఎక్కువ. అది కరిగితే నేల తడి పొలం అవుతుందని మీరనుకుంటారు. నిజానికి కూలుతుంది. మిద్దె కింద పునాది రాళ్లను ఎవరో ఒక్కొక్కటిగా లాగేసినట్టు గుంటలు పడతాయి, గుంటల్లో నీళ్లు నిలుస్తాయి, ఆ నీళ్లు పక్కనున్న మంచును ఇంకా కరిగిస్తాయి. యాకుత్స్క్‌లో మూడు లక్షల పైచిలుకు జనం ఉన్నారు. ఇంటి వేడి నేలకు తగలకూడదని భవనాలను స్తంభాల మీద ఎత్తి కడతారు. ఇప్పుడు ఆ స్తంభాలు దిగిన నేలే మెత్తబడుతోంది. 2020 మే నెలాఖరులో సైబీరియా ఉత్తరాన నొరిల్స్క్ నగరం దగ్గర డీజిల్ ట్యాంకు ఒకటి కుంగి పగిలిపోయింది. 20 వేల టన్నులకు పైగా డీజిల్ నేలలోకి, నదుల్లోకి పారింది. కరుగుతున్న నేల వల్ల పునాది కుంగిందని ఆ ట్యాంకు నడిపే సంస్థ చెప్పింది, నిర్వహణ లోపమని పర్యావరణవాదులు అన్నారు. నా లెక్కలో రెండూ ఒకటే. నేల మారుతున్నప్పుడు పాత నిర్వహణ చాలదు. రోడ్లు, రైలు పట్టాలు, పైపులైన్లు, విమానాశ్రయాలు అన్నీ ఆ నేల మీదే ఉన్నాయి. కొత్తగా కోట్లాది జనం చేరాలంటే కావలసింది ముందు ఇవే.

ఇంకో భయం ఉంది, అది మన అందరిదీ. ఆ గడ్డకట్టిన నేలలో కుళ్లకుండా మిగిలిన మొక్కలు, జంతువుల రూపంలో సుమారు 1,50,000 కోట్ల టన్నుల కర్బనం ఉంది. ఇప్పుడు గాలిలో ఉన్న కర్బనానికి అది దాదాపు రెట్టింపు. నేల కరిగితే సూక్ష్మజీవులు దాన్ని తినడం మొదలుపెడతాయి, అది బొగ్గుపులుసు వాయువుగా, మీథేన్‌గా పైకి వస్తుంది. పలమనేరులో పొయ్యి ఆర్పుకున్నా ఆ వేడి మన దాకా రాకమానదు.

పొగ గురించి చెప్పకుండా ఉండలేను. నేను ఎడ్మంటన్‌లో ఉన్న రోజుల్లోనే ఒక ఉదయం లేచేసరికి కిటికీ బయట ఆకాశం నారింజ రంగులో ఉంది. ఇల్లు మూసుకుని కూర్చున్నాం. అమ్మాయి చంటిబిడ్డను మూడు రోజులు బయటకు తీయలేదు. ఆ ఏడాది కెనడాలో కోటీ యాభై లక్షల హెక్టార్ల పైన అడవి కాలిపోయింది. మన ఆంధ్రప్రదేశ్ మొత్తం విస్తీర్ణం దానికి కాస్త ఎక్కువ, అంతే. ఆగస్టులో యెల్లోనైఫ్ అనే ఉత్తరాది రాజధాని నగరాన్నే, సుమారు 20 వేల మందిని, ఖాళీ చేయించారు. అంతకు రెండేళ్ల ముందు, 2021 జూన్ 29న, కెనడాలోనే బ్రిటిష్ కొలంబియా రాష్ట్రంలోని లిట్టన్ అనే చిన్న ఊళ్లో 49.6 డిగ్రీలు నమోదైంది. మన రాయలసీమలో కూడా అంత ఎండ చూసి ఎరుగం. మర్నాడు ఆ ఊరు చాలావరకు కాలి బూడిదైంది. అదే ఏడాది కరువుకు కెనడా గోధుమ ఉత్పత్తి మూడో వంతుకు పైగా పడిపోయింది. రష్యా 2010 వేసవిలో ఎండలకు పంట పోయి గోధుమ ఎగుమతులు నిలిపేసింది. ఉత్తరం సురక్షితమైన గది, మనం ఎండలో నిలబడ్డాం, తలుపు తీస్తే చాలు అన్న బొమ్మ మీ మనసులో ఉంటే దయచేసి చెరిపేయండి.

అమెరికాలో కొన్ని నగరాలకు వాతావరణ ఆశ్రయాలని పేరు పెట్టి ఇళ్ల ధరలు పెంచారు. కొండల మధ్య ఉన్న ఆష్‌విల్ అందులో ఒకటి. 2024 సెప్టెంబరులో హెలీన్ తుపాను వరద ఆ ఊరిని ఎలా ముంచిందో చూశాం. కొండ పక్కన ఉన్నామని ధీమాగా ఉన్న తిరుపతి కూడా 2021 నవంబరులో అదే నేర్చుకుంది. స్వర్ణముఖి పొంగింది, వీధుల్లో నడుములోతు నీళ్లు పారాయి, రాయలచెరువు కట్టకు నీరు ఊరుతోందని దిగువ పల్లెలను ఖాళీ చేయించారు. ఆ వారం నేను మేడ మీద నుంచి వీధిని చూస్తూ, ఈ ఊరికి ఎండ గురించే భయపడ్డాం గదా అనుకున్నాను.

ఇక వలస. ఇక్కడ మీకు మన జిల్లానే పాఠం.

కుప్పం స్టేషన్‌లో తెల్లవారుజామున నిలబడి చూడండి. బెంగళూరు వైపు వెళ్లే రైళ్లలో కాలు పెట్టే సందు ఉండదు. తాపీ పని, ఇళ్లలో పని, కంపెనీల్లో కాపలా పని. రాత్రికి తిరిగి వస్తారు. నేను చూసిన వలస చాలావరకు ఇదే. వేరుశనగ రెండేళ్లు వరుసగా పోతే ముందు ఇంట్లో ఒకరు రైలెక్కుతారు. బోరు ఎండితే రెండోవారు. తర్వాత కుటుంబం బెంగళూరులో ఒక గది తీసుకుంటుంది, ముసలివాళ్లు ఊళ్లో మిగులుతారు. ఇదంతా వంద, నూట యాభై కిలోమీటర్ల లోపు జరిగే కథ. ప్రపంచబ్యాంకు 2021లో ఇచ్చిన నివేదిక కూడా ఇదే చెబుతోంది. ఏ చర్యా తీసుకోకపోతే 2050 నాటికి ఆరు ప్రాంతాల్లో కలిపి 21.6 కోట్ల మంది దాకా వాతావరణం వల్ల కదలవచ్చు, దక్షిణాసియాలో 4 కోట్ల మంది. వీళ్లంతా తమ సొంత దేశం లోపల కదిలేవారి లెక్క. ధ్రువాల వైపు నడిచే జనసముద్రం లెక్క కాదది.

అలా కదిలినవారు కూడా ఎక్కడికి చేరుతున్నారో చూడండి. మన వైపు నీళ్లు లేక మద్రాసు పోయినవారు 2019 వేసవిలో అక్కడ ట్యాంకర్ల ముందు బిందెలతో నిలబడ్డారు. ఆ ఊరికి జోలార్‌పేట నుంచి రైల్లో నీళ్లు తెచ్చారు. బెంగళూరు పోయినవారు 2024 ఎండాకాలంలో అపార్టుమెంట్ల బోర్లు ఎండిపోవడం చూశారు. నీటి కోసం కదిలిన మనిషి తరచూ ఇంకో నీళ్లు లేని చోటికే చేరుతున్నాడు. ఎందుకంటే అతను నీరున్న ఊరిని వెతుక్కుని వెళ్లడు, పని ఉన్న ఊరికి, తెలిసిన మేస్త్రీ ఉన్న ఊరికి, మేనమామ ఉన్న ఊరికి వెళతాడు. పటంలోని రంగులు ఈ బంధుత్వాలను లెక్కలోకి తీసుకోవు.

అన్నిటికన్నా నన్ను బాధపెట్టేది కదలలేనివారి సంగతి. వలసకు డబ్బు కావాలి, ఒంట్లో సత్తువ కావాలి. వరసగా కరువులు వస్తే ఆ రెండూ ముందే కరిగిపోతాయి. అందుకే కరువు మరీ ముదిరినప్పుడు కొన్ని పల్లెల్లో వలస తగ్గుతుంది. అది ఊరు బాగుపడిందనడానికి గుర్తు కాదు. పశువును అమ్మేశారు, పుస్తెలు తాకట్టులో ఉన్నాయి, రైలు ఎక్కించే మనిషి లేడు. మూడెకరాల ఆస్తి, చదువుకున్న కొడుకు ఉన్న మీరు వలస గురించి ఆలోచించగలుగుతున్నారు. మీ పొలంలో కూలికి వచ్చే ఆవిడ ఆలోచించలేదు.

దేశం దాటడం ఇంకా వేరే కథ. 1951 నాటి శరణార్థుల ఒప్పందంలో కరువు వల్ల, సముద్రం వల్ల ఊరు పోగొట్టుకున్నవారికి చోటు లేదు. కిరిబాటి దీవుల నుంచి న్యూజిలాండ్ వెళ్లిన ఒకాయన తన దేశం మునిగిపోతోంది, పంపించవద్దని వేడుకున్నా తిప్పి పంపేశారు. 2020లో ఐక్యరాజ్యసమితి మానవహక్కుల సంఘం, ప్రాణానికే ముప్పు ఉంటే అలా పంపకూడదనే సూత్రాన్ని ఒప్పుకుంది కానీ, ఆయన విషయంలో అంతటి ముప్పు ఇంకా రాలేదని తేల్చింది. టువాలు దీవుల వారిని రానివ్వడానికి ఆస్ట్రేలియా ప్రత్యేకంగా ఒప్పందం చేసుకుంది. ఏడాదికి 280 మంది. కెనడా 2024 జనవరిలో విదేశీ విద్యార్థుల అనుమతులకు పరిమితి పెట్టింది. ఉత్తరాన ఎంత నేల ఖాళీగా కనిపించినా అక్కడికి వెళ్లే తలుపు వెడల్పును ఆ దేశాల రాజకీయాలు నిర్ణయిస్తాయి.

ఖాళీ అన్నాను గానీ, అది ఖాళీ కూడా కాదు. ఆర్కిటిక్‌లో సుమారు 40 లక్షల మంది ఉన్నారు. కెనడాలో ఇన్యూట్‌లు, స్కాండినేవియాలో సామీలు, సైబీరియాలో నేనెట్స్, యాకూట్‌లు. సామీలు పెంచే రెయిన్‌డీర్ అనే జింకలు చలికాలంలో మంచును గిట్టలతో తవ్వి కింద నాచు తింటాయి. ఇప్పుడు నడి చలికాలంలో వాన పడి ఆ మంచు మీద గాజుపలకలా పేరుకుంటోంది. పశువు కింద మేత ఉందని వాసన పసిగట్టి కూడా అందుకోలేక చనిపోతుంది. గడ్డి కరువులో పశువులను సంతకు తోలిన రైతులకు ఆ కాపరి బాధ చెప్పనక్కరలేదు.

అమెరికాలోని అలాస్కాలో న్యూటాక్ అని ఒక పల్లె ఉండేది. 350 మంది. నేల కరిగి, నది ఒడ్డు కోసుకుపోతూ ఇళ్ల దాకా వచ్చింది. ఊరు మార్చాలని 1994లో ప్రయత్నం మొదలుపెట్టారు. మొదటి కుటుంబాలు కొత్త ఊరు మెర్టార్విక్ చేరింది 2019లో. ఆ రెండు ఊళ్ల మధ్య దూరం పద్నాలుగు కిలోమీటర్లు. ప్రపంచంలోకెల్లా ధనిక దేశానికి ఆ 350 మందిలో మొదటి కుటుంబాలను పద్నాలుగు కిలోమీటర్లు తరలించడానికే పాతికేళ్లు పట్టింది. కోట్ల మంది ఉత్తరానికి తరలిపోతారని ఎవరైనా తేలిగ్గా చెప్పినప్పుడల్లా నాకు ఆ ఊరు గుర్తొస్తుంది.

మీ అబ్బాయి విషయం. చదువు మంచిదై, ఖర్చు మీకు తట్టుకోగలిగినదై, వెళ్లాలన్న కోరిక అతనిదే అయితే పంపండి. నా కూతురు అక్కడే ఉంది, సుఖంగానే ఉంది. కానీ ఎండ నుంచి తప్పించడానికి పంపుతున్నానని అనుకోకండి. అక్కడ ఇల్లు కొనే రోజు వస్తే, అడవి అంచున ఉందా, వరద మైదానంలో ఉందా, బీమా ఇస్తారా అన్నవి ముందు చూసుకోమనండి. ఆ మూడు ప్రశ్నలు తిరుపతిలో ఇంటిస్థలం కొనేవారికి కూడా చెబుతాను.

పొలం విషయంలో నా అభిప్రాయం సూటిగా చెబుతాను, అమ్మకండి. కారణం కేవలం మమకారం కాదు. పలమనేరు సముద్రమట్టానికి 600 మీటర్లకు పైన ఉంది. తిరుపతి కన్నా సుమారు 500 మీటర్లు ఎత్తు. వంద మీటర్లకు అర డిగ్రీకి పైగా చల్లదనం వస్తుంది, అంటే మీకూ నాకూ మధ్య మూడు డిగ్రీల తేడా. మే నెలలో చిత్తూరు నుంచి మొగిలి ఘాటు ఎక్కినవారికి ఇది ఒంటికే తెలుస్తుంది. అదే మూడు డిగ్రీలు మైదానంలో కావాలంటే ఉత్తరానికి వందల కిలోమీటర్లు వెళ్లాలి. మనుషులు వెతుక్కుంటూ పోయే చల్లదనంలో కొంత మీ గడపలోనే ఉంది. నైరుతి, ఈశాన్య రుతుపవనాలు రెండూ మన జిల్లాకు దాదాపు సమానంగా వాన ఇస్తాయి. ఒకటి తప్పినా రెండోది ఆదుకునే అవకాశం దేశంలో అందరికీ లేదు. ఆ వాన ఇప్పుడు తక్కువ రోజుల్లో ఎక్కువగా కురుస్తోంది. అది నేలలో ఇంకుతుందా, మీ మట్టిని కోసుకుని వంకలోకి పోతుందా అన్నదే అసలు ప్రశ్న. మీ బోర్లు ఎండటానికి కారణం వాన ఒక్కటే కాదని మీకూ తెలిసే ఉంటుంది. చుట్టూ ఎన్ని బోర్లు ఎంత లోతుకు దిగాయో, మీ ఊరి చెరువులో పూడిక ఎప్పుడు తీశారో చూడండి.

మన ఎర్ర నేలల అసలు జబ్బు సేంద్రియ కర్బనం. పరీక్షలో అర శాతం కన్నా తక్కువ వస్తే తక్కువ అని రాస్తాం. నా ఉద్యోగంలో అలా రాసిన చీటీలే ఎక్కువ. ఎండ పెరిగే కొద్దీ ఆ కొంచెం కూడా త్వరగా కరిగిపోతుంది. కర్బనం లేని గరప నేల ఇసుక లాంటిది, నీటిని పట్టుకోలేదు. చెరువు పూడిక మట్టి, పశువుల ఎరువు, దున్నేసిన జనుము, గట్ల మీద చెట్లు, వాలుకు అడ్డంగా చిన్న కట్టలు. ఇవి మీ తాతగారికి తెలిసిన పనులే. వీటితో మూడేళ్లలో నేల రంగు మారడం నేను చాలా పొలాల్లో కళ్లారా చూశాను. రాగి, కంది, అనుములు కలిపి వేసే పద్ధతి మళ్లీ మొదలుపెడితే ఒక పంట పోయినా ఇంకొకటి నిలుస్తుంది. మూడెకరాలూ టమోటా మీదే పెట్టకండి.

అమ్మాలా వద్దా అన్న నిర్ణయానికి ముందు ఒక పని చేయండి. మీ మూడెకరాల్లో గట్లకు, ఎరువు కుప్పలకు, చెట్ల నీడకు దూరంగా ఎనిమిది పది చోట్ల పైన చెత్త తీసేసి, జానెడు లోతు గుంటను ఆంగ్ల అక్షరం వీ ఆకారంలో తవ్వండి. గుంట గోడ నుంచి పై నుంచి కింది దాకా పలచగా మట్టి చెక్కి తీయండి. అంతా ఒక గోనె మీద కలిపి, నాలుగు భాగాలు చేసి ఎదురెదురు రెండు తీసేస్తూ అర కిలో మిగిలే దాకా చేయండి. ఎండలో వద్దు, నీడలో ఆరబెట్టండి. యూరియా సంచి వాడకండి, లెక్క తప్పుతుంది. గుడ్డ సంచిలో వేసి సర్వే నంబరు, కిందటి పంట, వేయబోయే పంట చీటీ మీద రాసి మీ మండల వ్యవసాయాధికారికి ఇవ్వండి. ఫలితం వచ్చాక ఆ అంకెలు ఇక్కడ పెట్టండి. మీ నేలకు ఏం కావాలో, ఎంత కాలం పడుతుందో కూర్చుని రాస్తాను.